మిడతలు మాయమైన రీలు

మా ల్యాబ్‌లో నన్ను మొట్టమొదట ‘ఆంటీ’ అని పిలిచిన అమ్మాయి మీద నాకు ఆ క్షణమే ఒళ్ళు మండింది. అప్పటిదాకా ఆ ఆఫీసులో అందరూ నన్ను పేరు పెట్టి పిలిచేవాళ్ళు. మా హెడ్ నాకన్నా చాలా పెద్దవారు, అయినా ఆయన్నీ నేను పేరు పెట్టే పిలిచేదాన్ని. అమెరికా ఆఫీసుల్లో నాకు నచ్చిన మొదటి సంగతి అదే. అలాంటి చోటికి ఒక సోమవారం పొద్దున పాతికేళ్ళ తెలుగు పిల్ల వచ్చి, అందరితో చేతులు కలుపుతూ నా దగ్గర ఆగి, “హలో ఆంటీ, మీరు కూడా తెలుగేనా? మా మమ్మీ వింటే చాలా హ్యాపీ అవుతది” అంది. పక్కవాళ్ళు ఆ మాటేమిటని అడిగారు. తల్లి వయసు వాళ్ళని మేం గౌరవంగా అలా పిలుస్తామని ఆ పిల్లే ఇంగ్లీషులో విడమరిచి చెప్పింది. ఒక్క నిమిషంలో నేను ఆ గదిలో అందరికీ పెద్దదాన్నయిపోయాను.

ఇప్పుడు రిటైరయ్యాను. ఈ పనిలోకి కొత్తగా వస్తున్న మన పిల్లలు అప్పుడప్పుడు ఫోన్ చేసి, ఏ సాఫ్ట్‌వేర్ నేర్చుకోవాలి, ఎక్కడ అప్లై చెయ్యాలి అని సలహాలు అడుగుతుంటారు. అవి నాకన్నా వాళ్ళకే ఎక్కువ తెలుసు. నాకు బాగా తెలిసిన విద్య ఇంకొకటుంది. పక్క కుర్చీలో మనిషిని చూసి కుళ్ళుకుంటూనే పని పాడవకుండా ఎలా చెయ్యాలో నాకు తెలుసు. దాని గురించి ఎవరూ అడగరు కాబట్టి నా అంతట నేనే చెబుతున్నాను.

మాది లాస్ ఏంజెలెస్ పక్కన, పాత సినిమాలను బాగుచేసే ల్యాబ్. స్టూడియోల గోడౌన్లలో ఏళ్ళ తరబడి పడి ఉన్న నెగెటివ్‌లు మా దగ్గరికి వచ్చేవి. వాటిని శుభ్రం చేసి, చిరుగులు అతికి, ఒక్కొక్క ఫ్రేమునీ స్కాన్ చేసి కంప్యూటర్‌లోకి ఎక్కించేవాళ్ళం. తర్వాత దుమ్మూ గీతలూ మరకలూ తుడిచేవాళ్ళం. పెళ్ళికి ముందు నేను హైదరాబాదులో ఒక ఫిల్మ్ ల్యాబ్‌లో నెగెటివ్ కటింగ్ చేసేదాన్ని. మా ఆయన ఉద్యోగం మూలంగా శాంటా క్లారా వచ్చి, డిపెండెంట్ వీసా మీద చాలాకాలం ఇంట్లో కూర్చున్నాను. గ్రీన్ కార్డు వచ్చాక, ఆయన కంపెనీ ఇటువైపు మారాక, ఈ ల్యాబ్ తలుపు తట్టాను. ఇంటర్వ్యూలో మా హెడ్ నన్ను ప్రశ్నలేవీ అడగలేదు. ఒక ఫిల్మ్ ముక్క చేతిలో పెట్టారు. నేను దాన్ని రెండు అంచులూ పట్టుకుని వెలుతురుకి ఎత్తాను. “ఎప్పటినుంచి రాగలవు?” అన్నారు. అంతే.

ఆయన కంప్యూటర్లకి ముందు కాలం మనిషి. డబ్బా మూత తీసి వాసన చూసి, లోపల ఫిల్మ్ ఇంకా ఎంతకాలం బతుకుతుందో చెప్పేవారు. మెచ్చుకోవడం ఆయనకి చేతకాదు. మనం చేసిన రీలు చూసి ఏమీ అనకుండా లేచి వెళ్ళిపోయారంటే బాగుందని అర్థం. ఆ మౌనం కోసం నేను ఎన్నోసార్లు ఆదివారాలు కూడా వచ్చి పనిచేశాను. ఆయన సెలవు పెడితే ఆయన ఫోన్లు నేనే ఎత్తేదాన్ని. ఆయన తర్వాత ఆ గదికి నేనే వెళతానని ఎవరూ అనలేదు గాని, అందరూ అనుకునేవాళ్ళు. నేనూ అనుకునేదాన్ని.

ఆయన పుట్టింది యూటాలో, మోర్మన్ కుటుంబంలో. మోర్మన్లంటే క్రైస్తవుల్లో ఒక శాఖ. మద్యం, పొగాకు, చివరికి కాఫీ కూడా ముట్టరు. ఆయన కుర్రతనంలోనే ఆ మతం వదిలేశారు. కానీ పొద్దున కాఫీ మొదటి గుక్క తాగేటప్పుడు ఇప్పటికీ వాళ్ళ అవ్వ వెనకాల నిలబడి చూస్తున్నట్టే ఉంటుందని నవ్వేవారు. ఆ అవ్వే ఆయన్ని చిన్నప్పుడు ఒక సినిమాకి తీసుకెళ్ళింది. మోర్మన్ మతగురువు ఒకాయన జీవితం మీద ఎప్పుడో తీసిన నలుపు తెలుపు వెస్టర్న్. గుంపులు దాడిచేసి మతం స్థాపించిన మనిషిని చంపేస్తే, ఈయన ఆ జనాన్నంతా బళ్ళెక్కించి, మంచులో ఆకలితో నడిపించి, కొండలు దాటించి, ఉప్పు సరస్సు పక్కన ఎడారి లోయలోకి తెస్తాడు. వాళ్ళ మొదటి పంట చేతికొచ్చే వేళకి మిడతల దండు వచ్చి పడుతుంది. అందరూ ఆశ వదులుకున్నాక ఎక్కడినుంచో తెల్లటి సముద్రపు పక్షులు గుంపులుగా వచ్చి మిడతల్ని తినేస్తాయి. మా హెడ్ వాళ్ళ అవ్వ ఆ సీనులో లేచి నిలబడిందట, హాలంతా ఆమెతోపాటు నిలబడిందట.

“ఆ సినిమా ఎప్పటికైనా మన దగ్గరికి వస్తే మనిద్దరం చేద్దాం” అని ఆయన నాతో చాలాసార్లు అన్నారు. నేను దాన్ని మాట ఇచ్చినట్టే తీసుకున్నాను.

సినిమా వచ్చింది. ఆ అమ్మాయి చేరిన వేసవిలోనే వచ్చింది. మీటింగులో ఆయన కాగితాలవైపు చూడకుండా, ఈ సినిమాకి లీడ్ ఆ అమ్మాయి అని చెప్పారు. తనకి వెస్టర్న్‌లు బాగా తెలుసట. అమెరికాలోనే, ఇర్వింగ్‌లో పెరిగిందట. వాళ్ళ నాన్న వరంగల్ నుంచి వచ్చిన కొత్తలో అమెరికా ఇంగ్లీషు అలవాటు కావడానికి రోజూ సాయంత్రం టీవీలో పాత గుర్రాల సినిమాలు పెట్టుకునేవాడట, ఈ పిల్ల ఆయన పక్కన కూర్చుని అన్నీ చూసేదట. అందరూ ముచ్చటపడ్డారు. నేనూ నవ్వాను. ఆ నవ్వు మొహం మీద ఎంతసేపు పెట్టుకోవాలో తెలియక అవస్థపడ్డాను.

తర్వాత నెలల్లో నాకు కంటి మీద కునుకు లేకుండా చేసినవి చాలా చిన్న విషయాలు. ఆయన రీళ్ళు చూసే గదిలో రెండో కుర్చీ ఎప్పుడూ నాది. ఇప్పుడు అందులో ఆ అమ్మాయి స్వెటర్ వేలాడుతూ ఉండేది. ఇద్దరూ తలుపు వేసుకుని గంటలు గంటలు చూసేవాళ్ళు. బయటికి ఆ పిల్ల గొంతు గుసగుసగా వినబడుతూ ఉండేది, మధ్యమధ్య ఆయన నవ్వు. నాతో కూర్చున్నప్పుడు ఆయన నవ్విన గుర్తు లేదు. మేం మాట్లాడకుండా పనిచేసేవాళ్ళం. ఆ మౌనాన్నే నేను గొప్ప అనుకున్నాను. ఆయన తన పాత ట్రక్కు ఇంట్లోనే వదిలేసి, సాయంత్రం ఆ అమ్మాయి కారులో వెళ్ళడం మొదలుపెట్టారు. పొద్దున కూడా తనే తీసుకొచ్చేది. ఎంత తొందరగా మంచి చేసుకుందో అనుకున్నాను.

ఇంట్లో నా బాధంతా మా ఆయనకి చెప్పేదాన్ని. ఒకరోజు ఆయన అన్నం కలుపుకుంటూ తలెత్తకుండా, “ఇంతకీ ఆయన నీకు హెడ్డా, మొగుడా?” అన్నాడు. నాకు నవ్వు రాలేదు.

విచిత్రమేమిటంటే ఆ సినిమాలో నా వంతుకి వచ్చిన రీళ్ళలోనూ అదే గొడవ. ఆ గురువుకి చాలామంది భార్యలు. సినిమా తీసినవాళ్ళకి ఆ సంగతి ఇబ్బంది. అందుకని ఒక భార్యని పక్కన పెట్టి ప్రేమగా మాట్లాడించారు, మిగతా వాళ్ళని వెనకాల ఎక్కడో వంట చేస్తున్నట్టు, పిల్లల్ని ఎత్తుకున్నట్టు నిలబెట్టి దాటేశారు. మామూలుగా సినిమా చూసేవాళ్ళు ఆ వెనక ఆడవాళ్ళని గమనించరు. నేను ఫ్రేము ఫ్రేమూ చూడాలి కదా. ఒకామె ఉండేది, గిన్నె తుడుస్తూ ముందున్న భార్య వైపు చూస్తుంది. డైలాగు లేదు. ఆమె మొహం మీద అడ్డంగా పెద్ద గీత ఉంటే రెండురోజులు కూర్చుని ఒక్కో చుక్కా పూడ్చాను. అంత శ్రద్ధగా పనిచేశానని నన్ను నేనే మెచ్చుకున్నాను. అసలు సంగతేమిటంటే ఆమె చూపు నాకు బాగా అర్థమైంది.

మిడతల రీలు మాత్రం మాకెవ్వరికీ ఇవ్వలేదు. “అది మేం చూసుకుంటాం” అన్నారు హెడ్. ‘మేం’ అంటే ఆయనా ఆ అమ్మాయీ. ఆ మాట నాకు చాలా రోజులు గుచ్చుకుంది.

స్టూడియోకి పంపేముందు ప్రతి రీలూ మొదటినుంచి చివరిదాకా చూసి సరేననడం నా పని. మిడతల రీలు నా దగ్గరికి వచ్చింది. ఏదైనా తప్పు దొరక్కపోదా అనే కూర్చున్నాను. సీను మొదలైంది. పొలం నిండా జనం. మగవాళ్ళు చీపుళ్ళతో, గోనెసంచులతో నేలని బాదుతున్నారు. ఆడవాళ్ళు ఏడుస్తూ దుప్పట్లు విసురుతున్నారు. పిల్లలు కుండలు మోగిస్తూ పరిగెడుతున్నారు. నేల మీద ఏమీ లేదు. గాలిలో ఏమీ లేదు. ఏపుగా పెరిగిన చేను మధ్యలో ఒక ఊరంతా కలిసి శూన్యాన్ని కొడుతోంది. దగ్గరగా తీసిన ఒకటి రెండు షాట్లలో కంకి మీద పాకుతున్న మిడతలు ఉన్నాయి. ఎగిరేవి, గెంతేవి, గాలిని నింపేవి, అన్నీ పోయాయి. తర్వాత వచ్చిన పక్షుల గుంపులో దూరంగా చుక్కల్లా కనబడవలసినవి కూడా సగం లేవు.

ఎలా జరిగిందో నాకు వెంటనే తెలిసింది. దుమ్ము తుడిచే సాఫ్ట్‌వేర్‌కి దుమ్మంటే ఏమిటో తెలియదు. ఒక ఫ్రేములో ఉండి పక్క ఫ్రేములో లేని చుక్క ఏదైనా దానికి దుమ్మే. వానచినుకులు, నిప్పురవ్వలు, పురుగులు వచ్చే షాట్లలో దాన్ని ఆపేసి చేత్తో చెయ్యాలి. కొత్తగా చేరినవాళ్ళకి మేం చెప్పే మొదటి జాగ్రత్త అది. ఇక్కడ ఎవరో దాన్ని గట్టిగా పెట్టి వదిలేశారు, తర్వాత తిరిగి చూడలేదు.

ఎవరో ఏమిటి, లీడ్ ఆ అమ్మాయే కదా. నాకు కలిగిన సంతోషాన్ని దాచుకోవడానికి లేచి వెళ్ళి మంచినీళ్ళు తాగి వచ్చాను.

ముందు ఆ అమ్మాయినే పిలిచి చూపించాను. న్యాయంగా ఉన్నాననిపించుకోవాలని. స్క్రీన్ చూసి ఆ పిల్ల మొహం పాలిపోయింది.

“ఆంటీ, దీన్ని నాకు వదిలేయండి. నేను ఫిక్స్ చేస్తా.”

“హెడ్ చూశారా దీన్ని?”

“ఆయనకి చెప్పొద్దు. ప్లీజ్. ఎవ్వరికీ చెప్పకండి.”

ఎందుకని అడిగాను. చెప్పలేనంది. తప్పు చేసి దాచమని అడుగుతోందనే అనుకున్నాను. ఎవరైనా అలాగే అనుకుంటారు. చెప్పవలసిన బాధ్యత నాది, చెప్పాలన్న ఆరాటమూ నాదే. ఆ రెంటిలో ఏది నన్ను ఆయన గదిదాకా నడిపించిందో మీరే ఊహించుకోండి.

గదిలో ఆయనకి విషయం చెప్పలేదు. మిడతల రీలు ఒకసారి నాతో కూర్చుని చూస్తారా అని మాత్రం అడిగాను. ఆయనే తన కళ్ళతో కనిపెట్టాలని నా కోరిక. నా పక్కన కూర్చుని, మునుపటిలా, తన అభిమాన శిష్యురాలు ఏం చేసిందో చూడాలి. ఆయన సంతోషంగానే వచ్చారు. చూసే గదిలో దీపాలు ఆర్పాను. చాలా నెలల తర్వాత రెండో కుర్చీలో నేను.

సీను మొదలైంది. సంగీతం మారింది. తెర మీద జనం ఉత్త నేలని బాదడం మొదలుపెట్టారు. ఆయన కుర్చీలో ముందుకి వంగారు.

“ఇదిగో, వచ్చాయి. చూడు ఎన్నున్నాయో. పొగలాగా” అన్నారు.

నేను తెర వైపు చూశాను. ఏమీ లేదు. ఆయన వైపు చూశాను. ఆయన కళ్ళు తెర మీద లేవు, కొంచెం పక్కకి, గోడ మీద ఉన్నాయి. మొహం మాత్రం వెలిగిపోతోంది.

“మా అవ్వ ఇలాగే చెప్పేది, పొద్దున్నే చీకటి పడ్డట్టు వచ్చాయని. చాలా శుభ్రంగా వచ్చింది కదూ? ఈ రీలు మొత్తం నేనే చేశాను. ఆ అమ్మాయిని ముట్టుకోనివ్వలేదు.”

వెనక తలుపు దగ్గర చప్పుడైంది. ఆ అమ్మాయి నిలబడి ఉంది. నన్నే చూస్తూ తల అడ్డంగా ఊపింది. చెప్పొద్దని.

“బాగుంది” అన్నాను. ఆయన లేచి, గోడని చేత్తో తడుముకుంటూ బయటికి వెళ్ళారు. ఆ చెయ్యి అలా గోడ మీద పెట్టి నడవడం నేను ఎన్ని నెలలుగా చూస్తున్నానో అప్పుడు తోచింది. చూస్తూనే ఉన్నాను గాని, నా చూపంతా ఆయన పక్కన నడిచే మనిషి మీద ఉండేది.

పార్కింగ్‌లో తన కారులో కూర్చుని ఆ అమ్మాయి నాకు అంతా చెప్పింది. ఆయన కంటి వెనక పొర పాడైపోతోంది. “మధ్యలో మొత్తం బ్లర్ అంట. సైడ్స్‌లో కొంచెం కనిపిస్తదంట. డోర్‌లు, మనుషులు తెలుస్తరు. చిన్నవి ఏవీ తెలువవు” అంది. డ్రైవింగ్ మానేశారు. అందుకే తన కారు. గదిలో గుసగుసలన్నీ తెర మీద ఏముందో ఆయనకి చెప్పడమే. అవ్వ సినిమా పూర్తిచేసి, ఏడాది చివర్లో మర్యాదగా రిటైరవుదామని ఆయన ఆశ. మిడతల రీలు ఒక్కటీ తన చేత్తో చెయ్యాలని పట్టుబట్టారు. తర్వాత ఒకసారి సరిచూస్తానని ఈ పిల్ల అంటే ఆయన నొచ్చుకున్నారు, అందుకని చూడకుండానే నా దగ్గరికి పంపేసింది.

ఆ మనిషి చూపు పోతోందని విని నాకు దుఃఖం రావాలి. వచ్చింది కూడా. కానీ దానికన్నా ముందు వచ్చింది వేరు. అంత పెద్ద రహస్యం ఆయన నిన్నకాక మొన్న వచ్చిన పిల్లకి చెప్పుకున్నారు.

“నాకెందుకు చెప్పలేదు?” అన్నాను.

ఆ అమ్మాయి స్టీరింగ్ వైపు చూస్తూ, “మీకే చెప్పొద్దన్నరు, ఆంటీ” అంది. “‘తనకి అన్నీ కనిపిస్తాయి, తనకి తెలిసిన రోజున నేనింక ఈ గదిలో కూర్చోలేను’ అన్నరు. నాకు వెస్టర్న్‌లు తెలుసని లీడ్ ఇచ్చిన్రనుకున్నా. మా డాడీకి ఫోన్ చేసి చెప్పుకున్నా కూడా. రెండో నెలలో ఆయనే చెప్పిన్రు ఎందుకిచ్చిన్రో. నాకింకా ఏం తెలువదు కాబట్టి.”

ఆ మాట అన్నాక కళ్ళు తుడుచుకుంది. నేను ఓదార్చలేదు. ఆయన నన్ను దూరం పెట్టింది నా పని మీద గౌరవంతోనే అని నాలో నేను లెక్క కట్టుకుంటున్నాను. ఆ లెక్క ఎంత తిప్పినా కుదరలేదు. తాము భయపడే మనిషి దగ్గరికి ఎవరూ నవ్వుకుంటూ వెళ్ళి కూర్చోరు.

ఏం చెయ్యాలో అక్కడే వాదించుకున్నాం. ఇద్దరం కలిసి గుట్టుగా మిడతల్ని మళ్ళీ పెట్టేద్దాం, ఆయనకి తెలియనక్కర్లేదు అంటుంది తను. బాగుచేసిన ఈ సినిమా మొదటి ఆట ఆయన సొంత ఊళ్ళో వెయ్యబోతున్నారు. పదిమంది ముందు నిలబడి ఆ సీను నేనే చేశానని ఆయన చెప్పుకుంటుంటే, మనిద్దరం కింద కూర్చుని జాలిగా చూడడం నాకు ఇష్టం లేదన్నాను.

“మీకు ఆయన మీద కోపం ఉంది. అందుకే చెప్తరు” అంది.

ఉంది. అయినా మర్నాడు పొద్దున వెళ్ళి చెప్పాను. కాఫీ కప్పు ముందు పెట్టుకుని కూర్చున్నారు.

“ఆ సీనులో మిడతలు లేవు” అన్నాను.

“ఒక్కటి కూడానా?”

“దగ్గర షాట్లలో కంకుల మీద ఉన్నవి ఉన్నాయి. మిగతావి పోయాయి.”

“పక్షులు?”

“సగం.”

“చిన్నప్పటినుంచి ఆ పురుగులు కలలోకి వస్తాయి నాకు” అన్నారు. “చివరికి నేనే చంపేశానన్నమాట.” కప్పు ఎత్తి మళ్ళీ దించేశారు. “నిన్న బాగుంది అన్నావే?”

“నోరు రాలేదు.”

“నిన్ననే చెప్పవలసింది. నువ్వు చెబుతావనేగా ఇన్నాళ్ళూ నీకు దూరంగా తిరిగాను.”

అంతకు మించి ఆయన నన్ను ఏమీ అనలేదు. ఆ మధ్యాహ్నమే స్టూడియో వాళ్ళకి ఫోన్ చేసి, తన కళ్ళ సంగతీ, రీలు సంగతీ, ఏదీ ఎవరి మీదికీ నెట్టకుండా చెప్పేశారు. అవతలి మనిషి చాలాసేపు మాట్లాడాడు. ఈయన ‘అవును, అవును’ అంటూ విన్నారు. గడువు కొంచెం పెంచారు. ఆయన మాత్రం ఈ సినిమాతోనే దిగిపోవాలి.

ఆ రీలు మొదటి స్కాన్ తెచ్చుకుని నేనూ ఆ అమ్మాయీ మళ్ళీ మొదలుపెట్టాం. ఇప్పుడు పని తలకిందులైంది. దుమ్ము తుడవాలి, మిడతల్ని ఉంచాలి. ప్రతి ఫ్రేములోనూ వందల చుక్కలు. ఒక్కోదాని దగ్గరా తగువే. తను దుమ్మంటే నేను రెక్క చూపించేదాన్ని. నేను మిడతంటే తను వెనకా ముందూ ఫ్రేములు తిప్పి దుమ్మని తేల్చేది. మా వెనక సోఫాలో ఆయన కూర్చుని మా పోట్లాటలు వింటూ నవ్వేవారు. అలా వారాల తరబడి ఒకే తెర ముందు కూర్చుంటే స్నేహం కుదరాలి. కొంత కుదిరింది కూడా. మా ఇంటికి భోజనానికి వచ్చింది, మా ఆయనతో తెలంగాణ మాటల్లో జోకులు వేసింది. కానీ తన చెయ్యి నా చేతికన్నా చురుకైనదని ఆ వారాల్లోనే చూశాను. నేను ఒక షాట్ ముగించేసరికి తను రెండోది సగం చేసేసేది, నాకేమీ తప్పు దొరికేది కాదు.

దిగిపోయే ముందు హెడ్ తన స్థానానికి ఎవరి పేరు చెప్పారో మీరు ఊహించే ఉంటారు. ఆ అమ్మాయి పేరే. అప్పుడే కాదు, రెండేళ్ళు ఎవరినో తాత్కాలికంగా పెట్టి తర్వాత తనకివ్వమన్నారు. నన్ను పిలిచి ఆ మాట ఆయనే చెప్పారు, ఇంకొకరి ద్వారా తెలియనివ్వలేదు. కారణం అడిగాను.

“నువ్వు హెడ్డయితే ఈ ల్యాబ్‌లో ఒక్క తప్పూ మిగలదు, ఒక్క మనిషీ మిగలడు” అన్నారు.

రిటైరయ్యేదాకా ఆ అమ్మాయి కిందే పనిచేశాను. మంచి హెడ్. నా మాట తీసేయలేదు, నా సెలవులు ఆపలేదు. ఆంటీ అనడం మానలేదు. ప్రతి సోమవారం మీటింగులో హెడ్ కుర్చీలో తను కూర్చుంటుంటే నాకు కుళ్ళు పుట్టేది. అది తగ్గుతుందని చాలామంది చెప్పారు. తగ్గలేదు. దాన్ని పక్కన పెట్టుకుని పనిచేసుకోవడం అలవాటైంది, అంతే. ఇవాళ మీ ఆఫీసులో మీకూ అలాంటి మనిషి ఉంటే, ఆ కుళ్ళు పోయేదాకా పని మొదలుపెట్టనని మాత్రం కూర్చోకండి.

మొదటి ఆట ఆయన ఊళ్ళో వేశారు. యూటాలో కొండల కింద చిన్న ఊరు, ఒకటే వీధి, ఆ వీధిలో ఒకటే సినిమా హాలు. లాస్ ఏంజెలెస్ నుంచి ముగ్గురం వెళ్ళాం. ఎడారి పొడుగునా ఆ అమ్మాయే డ్రైవ్ చేసింది. ముందు సీట్లో ఆయన, వెనక నేను. హాలు నిండిపోయింది. తెల్ల జుట్టు ముసలమ్మలు, చంటిపిల్లలతో కుటుంబాలు, ఆదివారం బట్టల్లో మగవాళ్ళు. ఆయన వేదిక ఎక్కి, “ఈ సినిమాలో ఒక సీను నేను పాడుచేశాను, నా పక్కన కూర్చున్న ఇద్దరు ఆడవాళ్ళు బాగుచేశారు” అని చెప్పి దిగారు. జనం ఆయన వేళాకోళం ఆడుతున్నారనుకుని నవ్వారు.

మా ఇద్దరి మధ్యా కూర్చున్నారాయన. అలవాటు ప్రకారం ఆ అమ్మాయి ఆయన వైపు ఒరిగి మెల్లగా చెప్పడం మొదలుపెట్టింది, బళ్ళు బయల్దేరాయి, నది గడ్డకట్టింది అని. సగం సినిమా అలా నడిచింది. నేను తెర వైపే చూస్తూ కూర్చున్నాను. గిన్నె తుడిచే ఆమె వచ్చింది, పోయింది. లోయ వచ్చింది, చేలు ఏపుగా పెరిగాయి. సంగీతం మారింది.

ఆయన నా వైపు తిరిగారు. “నువ్వు చెప్పు” అన్నారు. “ఆ అమ్మాయి బాగున్నవే చెబుతుంది.”

“ఇంకా రాలేదు” అన్నాను. “ఒక పిల్లాడు ఆకాశం వైపు చూస్తున్నాడు. తల్లి పని ఆపి వాడి వైపు చూస్తోంది.”

“ఇప్పుడు?”

“వస్తున్నాయి. కొండ అంచు నుంచి. ఎడమవైపు పలచగా, మధ్యలో ఒత్తుగా. ఒకటి ఆమె భుజం మీద వాలింది. దులిపేసింది. ఇంకొకటి వాలింది.”

“దుమ్ము?”

“కుడివైపు పైన రెండు చుక్కలున్నాయి. అవి దుమ్మే. మేం వదిలేశాం.”

ఆయన తృప్తిగా తలూపి, వెనక్కి వాలి కళ్ళు మూసుకున్నారు. చెబుతూనే ఉండమన్నట్టు నా చేతి మీద చెయ్యి వేశారు. ఆయన తల మీదుగా అవతలి సీటు వైపు చూశాను. తెర వెలుతురులో ఆ అమ్మాయి మొహం స్పష్టంగా కనబడింది. తను సినిమా చూడడం లేదు. నా చేతి మీదున్న ఆయన చేతిని చూస్తోంది. ఆ చూపేమిటో నాకు ఎవరూ విడమరిచి చెప్పనక్కర్లేదు.

పక్షులు వచ్చేదాకా, వచ్చి పొలమంతా తెల్లగా కప్పేదాకా, హాల్లో ముసలమ్మలు ఒక్కొక్కరే లేచి నిలబడేదాకా నేను ఆయన చెవిలో చెబుతూనే ఉన్నాను. అవతలి సీటుకి వినబడనంత మెల్లగా చెప్పాను.